‘ఆన్ ది రోడ్’ సగంలో ఆపేశాను, బీట్ తరంలో అంత గొప్ప ఏముందో చెప్తారా?

సగంలో ఆగినోడు

ఒక ఫ్రెండ్ పోరు పడలేక, బీట్ తరం అనే అమెరికా రచయితల గుంపులోని జాక్ కెరువాక్ నవల ‘ఆన్ ది రోడ్’ మొదలుపెట్టాను. కిందామీదా పడి నూట యాభై పేజీల దాకా లాక్కొచ్చి పక్కన పడేశాను. సాల్ అని ఒకడు, డీన్ అని ఒకడు, న్యూయార్క్ నుంచి డెన్వర్‌కి, అక్కణ్ణుంచి శాన్‌ఫ్రాన్సిస్కోకి, మళ్లీ వెనక్కి తిరుగుతూనే ఉంటారు. తాగుతారు, జాజ్ వింటారు, కట్టుకున్నవాళ్లని ఎక్కడికక్కడ వదిలేస్తారు, చేతిలో డబ్బులైపోతే ఇంటికి ఉత్తరం రాసి తెప్పించుకుంటారు. కథ ఎక్కడ మొదలైందో ఎక్కడికి పోతోందో నాకైతే అంతుపట్టలేదు.

నా డౌట్లు ఇవి. అమెరికా అప్పుడే రెండో ప్రపంచ యుద్ధం గెలిచింది, ఉద్యోగాలున్నాయి, ఇళ్లున్నాయి, కార్లున్నాయి, వీళ్లకి ఏం తక్కువైందని తిరుగుబాటు? ఇంకోటి, ఈ బీట్ తరం నిజంగా సాహిత్య ఉద్యమమేనా, లేక నలుగురు ఫ్రెండ్స్ ఒకరి గురించి ఒకరు రాసుకున్న గొప్పలా? ఎక్కడ చూసినా ‘ఒక తరాన్ని మార్చేసిన పుస్తకం’ అంటారే గానీ ఎలా మార్చిందో ఎవరూ చెప్పరు. తిట్టినా పర్లేదు, వికీపీడియా పేరాలు మాత్రం తెచ్చి పెట్టకండి, అవి నేనూ చదివాను.

పుస్తకాల పురుగు

తిట్టను లెండి, మీరు ఆగిన చోటే చాలామంది ఆగుతారు. నేనూ మొదటిసారి ఆపేసినవాణ్ణే.

ముందు ఆ పేరు సంగతి చెప్పాలి. ‘బీట్’ అంటే జాజ్ దరువనో, ఎదురు తిరగడమనో అనుకుంటాం. వీళ్ల చెవిన పడ్డప్పుడు దానర్థం వేరు. న్యూయార్క్‌లో టైమ్స్ స్క్వేర్ చుట్టుపక్కల చిల్లర దొంగతనాలతో, మత్తుమందులతో బతికే హెర్బర్ట్ హంకీ అనేవాడి నోటి మాట అది. చితికిపోయి, జేబులో పైసా లేక, ఒళ్లు హూనమైనవాడు అని. తర్వాత కెరువాక్ తన కాథలిక్ భక్తినంతా అందులో కూరి, ధన్యత అనే అర్థం వచ్చే ‘బియాటిఫిక్’ అన్న మాటతో ముడిపెట్టాడు, అది వేరే సంగతి. 1952 నవంబర్‌లో జాన్ క్లెలన్ హోమ్స్ న్యూయార్క్ టైమ్స్ మ్యాగజైన్‌లో ‘ఇదీ బీట్ తరం’ అని వ్యాసం రాస్తే అప్పుడు బయటివాళ్లకి తెలిసింది. అంటే వీళ్లు జెండా పట్టుకుని బయల్దేరినవాళ్లు కారు, అలిసిపోయామని చెప్పుకున్నవాళ్లు. అందరూ గెలిచాం గెలిచాం అంటున్న దేశంలో ఆ మాట అనడమే తప్పయిపోయింది.

ఏం తక్కువైందని అడిగారు కదా. ఈ గుంపులోని కవి అలెన్ గిన్స్‌బర్గ్‌నే తీసుకోండి. 1944 ప్రాంతంలో కొలంబియా యూనివర్సిటీ చుట్టుపక్కల కెరువాక్‌నీ, తర్వాత నవలలు రాసిన విలియం బరోస్‌నీ కలిసేనాటికి అతనికి పద్దెనిమిదేళ్లు. స్వలింగ సంపర్కుడు, అదేమో అప్పటికి నేరం, పైగా జబ్బు. తల్లి నయోమీకి మతి స్థిమితం లేదు, ఆస్పత్రుల పాలైంది. 1947లో ఆమె మెదడుకి ఆపరేషన్ చేయడానికి అనుమతి కాగితం మీద సంతకం పెట్టింది ఇతనే, ఇరవయ్యొక్కేళ్ల కొడుకు. ఆ తర్వాత హంకీ దొంగసొత్తు వ్యవహారంలో ఇరుక్కుంటే, అందులో చిక్కుకున్న గిన్స్‌బర్గ్‌ని జైలు తప్పించడానికి 1949లో మానసిక చికిత్సాలయంలో పెట్టారు. అక్కడ కలిసిన కార్ల్ సాలమన్‌కే తన పొడుగాటి కవిత ‘హౌల్’ అంకితమిచ్చాడు. బయటేమో కమ్యూనిస్టుల వేట, ప్రభుత్వ ఉద్యోగులతో విధేయతా ప్రమాణాలు, 1953లో ఐసెన్‌హోవర్ ఉత్తర్వుతో స్వలింగ సంపర్కుల్ని ఫెడరల్ కొలువుల్లోంచి ఏరి పారేయడం. ఇళ్లూ కార్లూ ఉన్నాయి, నిజమే. ఆ ఇంట్లో ఉండాలంటే ఎలాంటివాడివై ఉండాలో కూడా వాళ్లే చెప్పారు, చిక్కంతా అక్కడుంది.

ఇక ఆ పుస్తకం. మూడు వారాల్లో రాసేశాడన్న కథ మీరూ వినే ఉంటారు, అది సగం నిజం. 1951 ఏప్రిల్‌లో కాగితాలు మార్చేటప్పుడు ఊపు తెగిపోతోందని పల్చటి కాగితాల్ని ఒకదానికొకటి అతికించి, సుమారు 120 అడుగుల చుట్ట చేసి, టైప్‌రైటర్‌లోకి ఎక్కించి కొట్టుకుంటూ పోయాడు, మొత్తం కలిపి ఒకటే పేరా. ఫ్రెండ్ నీల్ కాసడీ అంతకుముందు డిసెంబర్‌లో రాసిన ఒక పొడుగాటి ఉత్తరం చదివాక, ఆగకుండా దొర్లిపోయే ఆ వాక్యం తనకీ కావాలనుకున్నాడు. మీ డీన్ ఆ కాసడీయే. చుట్ట చివరి ముక్కని ఒక కుక్క నమిలేసింది, ఆ సంగతి కెరువాక్ చుట్ట మీదే పెన్నుతో రాసిపెట్టాడు. మరి మిగతా సగం ఏంటంటే, దానికి ముందు ఏళ్ల తరబడి నింపిన నోట్‌బుక్కులున్నాయి, తర్వాత ఆరేళ్ల పాటు దిద్దుకోవడం, పబ్లిషర్ల చుట్టూ తిరగడం, అసలు పేర్లు తీసేసి మారు పేర్లు పెట్టడం ఉన్నాయి. అచ్చయింది 1957 సెప్టెంబర్ 5న. మీరు చదివింది దిద్దిన ప్రతి. 2007లో ఆ చుట్టని ఉన్నదున్నట్టు వేశారు, నాకైతే అదే నచ్చింది, ఊపిరి ఆడదు.

వాయిదాల వకీలు

పురుగు గారు చెప్పింది బాగుంది గానీ ఒకటి వదిలేశారు. వీళ్లని ఉద్యమం చేసింది వీళ్ల రాతలకంటే పోలీసులే అని నా అభిప్రాయం. వృత్తి వల్ల నాకు అలా కనిపిస్తుందేమో, మీరే చూడండి.

1955 అక్టోబర్ 7న శాన్‌ఫ్రాన్సిస్కోలో సిక్స్ గ్యాలరీ అనే చోట కవిత్వ పఠనం జరిగింది. ఒకప్పుడు కార్లు బాగుచేసే షెడ్డు అది. కెన్నెత్ రెక్స్‌రాత్ అనే కవి సభ నడిపాడు, అయిదుగురు చదివారు, గ్యారీ స్నైడర్ కూడా వాళ్లలో ఒకడు. కెరువాక్‌ని చదవమంటే చదవలేదు, జనం దగ్గర చిల్లర పోగుచేసి జాడీల్లో వైన్ తెప్పించి, గిన్స్‌బర్గ్ ‘హౌల్’ మొదటి భాగం చదువుతుంటే వాక్యం వాక్యానికీ ‘గో’ అని అరుస్తూ కూర్చున్నాడు. మన దగ్గర కచేరీలో శభాష్ అన్నట్టన్నమాట. అక్కడితో ఆగిపోయి ఉంటే, ఆ రాత్రి వచ్చిన నూరుమంది చెప్పుకునే ముచ్చటగానే మిగిలేది.

లారెన్స్ ఫెర్లింగెటి అక్కడే సిటీ లైట్స్ అని పుస్తకాల షాపు నడుపుతూ చవక కవితా సంపుటాలు వేసేవాడు. 1956లో ‘హౌల్’ని నాలుగో పుస్తకంగా వేశాడు, చొక్కా జేబులో పట్టేంత సైజు, వెల 75 సెంట్లు. ఇంగ్లండ్‌లో అచ్చు వేయించాడు కాబట్టి 1957 మార్చిలో కస్టమ్స్ వాళ్లు 520 కాపీలు పట్టుకున్నారు. ఇతను ఏం చేశాడు? తర్వాతి కాపీలు అమెరికాలోనే అచ్చు వేయించాడు, దేశంలో అచ్చయిన దాంతో కస్టమ్స్‌కి పనేముంది! తర్వాత కస్టమ్స్ వెనక్కి తగ్గింది గానీ జూన్‌లో సిటీ పోలీసులు మఫ్టీలో వచ్చి, కౌంటర్ దగ్గరున్న షిగ్ మురావ్ చేతుల మీదుగా పుస్తకం కొని, అతన్నే అరెస్టు చేశారు. ఈ మనిషి పేరు ఎవరూ చెప్పరు. యుద్ధకాలంలో జపాన్ మూలాలున్న వాళ్లనందరినీ శిబిరాల్లో పెట్టినప్పుడు అందులో ఉండి వచ్చినవాడు, ఇప్పుడు కవిత్వం అమ్మినందుకు లోపలికెళ్లాడు. కవి మాత్రం అప్పుడు దేశంలోనే లేడు.

జడ్జి క్లేటన్ హార్న్. ఆదివారాలు బైబిల్ పాఠాలు చెప్పే మనిషి. అంతకుముందే ఒక కేసులో షాపుల్లో దొంగతనం చేసిన ఆడవాళ్లకి ‘టెన్ కమాండ్‌మెంట్స్’ సినిమా చూసి వ్యాసం రాయమని శిక్ష వేశాడు. ఇలాంటి జడ్జి దొరికాడంటే నేనైతే క్లయింటుకి ధైర్యం చెప్పడం మానేసేవాణ్ణి. కోర్టులో ప్రాసిక్యూటర్ కవిత చదివి దీనర్థమేంటి, దానర్థమేంటి అని అడుగుతుంటే, మార్క్ షోరర్ అనే ప్రొఫెసర్, కవిత్వాన్ని వచనంలోకి మార్చలేమండీ, అందుకే కదా అది కవిత్వమైంది అన్నాడు. అక్టోబర్ 3న తీర్పొచ్చింది, అశ్లీలం కాదని.

దీనికి ఆధారం ఎక్కణ్ణుంచి వచ్చిందో చూస్తే నవ్వొస్తుంది. అదే ఏడాది జూన్‌లో సుప్రీంకోర్టు రాత్ అనే ప్రచురణకర్తకి అశ్లీల సాహిత్యం కేసులో శిక్ష ఖాయం చేసింది. శిక్ష వేస్తూనే, సామాజిక ప్రయోజనం బొత్తిగా లేనిదే అశ్లీలం అన్నట్టు ఒక మాట తీర్పులో రాసింది. ఒకణ్ణి లోపలేసిన మాటే ఇంకొకణ్ణి బయటేసింది. తర్వాత బరోస్ నవల ‘నేకెడ్ లంచ్’ మీద బోస్టన్‌లో కేసు నడిచి, 1966లో మసాచుసెట్స్ పైకోర్టులో గట్టెక్కింది. ఆ తర్వాత సాహిత్యం మీద అశ్లీలత కేసు పెట్టి గెలవడం అక్కడ దాదాపు కుదరని పనైపోయింది. ‘ఎలా మార్చింది’ అని అడిగారు కదా, నాకు తెలిసినంతలో ఇలా.

నాలుగు ముక్కలు

ఇంతా చేసి రచయిత ట్రూమన్ కపోటీ 1959లోనే తేల్చేశాడు కదండీ, ఇది రాయడం కాదు టైపింగ్ అని. నేను ఆయన పార్టీ.

అద్దె గది

పై వాళ్లందరూ మగవాళ్ల సాహసాలే చెప్తున్నారు కాబట్టి నేను పానకంలో పుడకలా వస్తున్నాను.

వీళ్లు మొదట్లో పోగయ్యే గది ఎవరిదో తెలుసా? జోన్ వోల్మర్ అద్దెకుంటున్న అపార్ట్‌మెంటు. బాగా చదువుకున్న మనిషి, మాటల్లో వీళ్లెవరికీ తీసిపోయేది కాదని చెప్తారు. 1951 సెప్టెంబర్ 6న మెక్సికో సిటీలో తాగిన మత్తులో బరోస్ ఆమె నెత్తిన గ్లాసు పెట్టించి గురి చూసి కాల్చాడు. గురి తప్పి ఆమె చనిపోయింది. ఆమెకి ఇరవై ఎనిమిదేళ్లు. అతను జైల్లో ఉన్నది పదమూడు రోజులు. తర్వాత 1985లో ఒక ముందుమాటలో, జోన్ చనిపోకపోతే నేను రచయితనయ్యేవాణ్ణి కానని రాసుకున్నాడు. ఆ వాక్యాన్ని ఎంత గొప్ప పశ్చాత్తాపమో అని మెచ్చుకునేవాళ్లని చూశాను. నాకు మాత్రం ఒళ్లు మండుతుంది.

గిన్స్‌బర్గ్ తల్లి గురించి రాసిన ‘కాడిష్’ కవిత టైప్ చేసి పెట్టింది ఎలీజ్ కోవెన్. ఆమె కూడా కవే. 1962లో ఆత్మహత్య చేసుకుంది, ఆమె నోట్‌బుక్కులు చాలా వరకు తగలబెట్టేశారు, ఒకటి మిగిలితే ఆ కవితలు 2014లో పుస్తకంగా వచ్చాయి. అదే ఒక మగవాడి నోట్‌బుక్కులైతే మ్యూజియంలో పెట్టుండేవారు. కొడుకు తిరుగుబోతైతే కవి అవుతాడు, కూతురు ఇల్లు దాటితే పిచ్చాసుపత్రికి పంపిస్తారు. ఆ రోజుల్లో ఇది అక్షరాలా జరిగింది.

సగంలో ఆగినోడు గారూ, కెరువాక్‌ని వదిలేసి జాయిస్ జాన్సన్ ‘మైనర్ క్యారెక్టర్స్’ చదవండి. 1983లో రాసింది. ‘ఆన్ ది రోడ్’ సమీక్ష వస్తుందని తెలిసి, అర్ధరాత్రి కెరువాక్‌తో కలిసి పేపర్ల దుకాణం దాకా నడిచెళ్లి, టైమ్స్ కొని చదివిన అమ్మాయి ఆవిడే. అప్పటికి ఇరవై ఒకటో ఏడు. ఆ రాత్రి అనామకుడిగా పడుకున్నవాడు తెల్లారేసరికి పేరు మోగిపోయిన మనిషయ్యాడు, ఫోను ఆగకుండా మోగింది. పక్కనే ఉండి అది చూసిన మనిషి రాస్తే ఎలా ఉంటుందో చూడండి. డయాన్ డి ప్రైమా కవితలు కూడా.

ఇంకోటి. మీరు ఆపేసిన చోటు దాటాక, డెన్వర్‌లో నల్లవాళ్ల పేటలో నడుస్తూ నేనూ నల్లవాణ్ణయితే ఎంత బాగుండేదో అని సాల్ అనుకునే చోటు వస్తుంది. 1940ల చివరి అమెరికాలో! వాళ్ల సంగీతం తీసుకున్నారు, వాళ్ల మాటలు తీసుకున్నారు. బాబ్ కౌఫ్‌మన్ లాంటి నల్ల బీట్ కవిని పోలీసులు అదే శాన్‌ఫ్రాన్సిస్కో వీధుల్లో మళ్లీ మళ్లీ లోపలేస్తుంటే ఎంతమందికి గుర్తుంది? వీళ్ల గుంపులోనే ఉన్న నల్ల కవి లెరాయ్ జోన్స్, 1965లో నల్లవాళ్ల నాయకుడు మాల్కమ్ ఎక్స్ హత్య తర్వాత వీళ్లందర్నీ వదిలేసి హార్లెమ్ వెళ్లిపోయి, అమిరి బరాకా అయ్యాడు. ఆ వెళ్లిపోవడంలో కూడా బీట్ ఉద్యమం మీద ఒక విమర్శ ఉంది.

వాయిదాల వకీలు

అద్దె గది గారూ, ఒప్పుకుంటున్నాను. షిగ్ మురావ్ పేరు ఎవరూ చెప్పరని దెప్పిన నేనే జోన్ పేరు ఎత్తలేదు.

గంగ గట్టు

మన వైపు కథ కూడా కొంచెం ఉంది. గిన్స్‌బర్గ్, అతని సహచరుడు పీటర్ ఓర్లోవ్‌స్కీ 1962 ఫిబ్రవరిలో బొంబాయిలో దిగారు. 1963 మే దాకా గిన్స్‌బర్గ్ ఇక్కడే ఉన్నాడు. కలకత్తాలో నెలల తరబడి, తర్వాత కాశీలో దశాశ్వమేధ ఘాట్ దగ్గర గది. శ్మశానాల్లో కూర్చోవడం, సాధువులతో గంజాయి, రాసుకున్నవన్నీ తర్వాత ‘ఇండియన్ జర్నల్స్’గా వచ్చాయి. కొన్ని పేజీలు చదివితే టూరిస్టు అనిపిస్తాడు, రోగిష్టి బిచ్చగాళ్ల గురించి రాసిన చోట్ల మాత్రం కాదు.

దీన్నిబట్టి బెంగాల్ ‘హంగ్రీ జనరేషన్’ కవుల ఉద్యమం గిన్స్‌బర్గ్ పుణ్యమే అని చాలామంది రాసేస్తారు, అది తప్పు. మలయ్ రాయ్ చౌదురి వాళ్లు పాట్నా నుంచి తొలి కరపత్రం వేసింది 1961 నవంబర్‌లో, అప్పటికి ఇతను దేశంలో అడుగే పెట్టలేదు. 1964లో మలయ్‌ని ఒక కవిత మీద అశ్లీలం కేసుతో అరెస్టు చేశారు, కింది కోర్టు 200 రూపాయల జరిమానా వేసింది, 1967లో హైకోర్టు కొట్టేసింది. వకీలు గారికి ఇదీ పనికొస్తుంది.

మన దిగంబర కవుల్ని కూడా వీళ్లతో పోల్చడం మామూలే. పేర్లు మార్చుకోవడం, బూతుకి వెరవకపోవడం, 1965లో మొదటి సంపుటిని అర్ధరాత్రి రిక్షా కార్మికుడి చేత ఆవిష్కరింపజేయడం, చూడ్డానికి ఒక తానులో ముక్కల్లా ఉంటాయి. కానీ దిగంబరుల్లో నలుగురు 1970కల్లా విరసంలోకి వెళ్లారు, బీట్‌లు చాలామంది ధ్యానంలోకి వెళ్లారు. కోపం ఒకేలా మొదలైనా దారులు అలా విడిపోవడం నాకెప్పుడూ ఆసక్తిగానే ఉంటుంది. దాని మీద వేరే థ్రెడ్ పెట్టాలి, ఇక్కడ మొదలుపెడితే తెల్లారిపోతుంది.

సగంలో ఆగినోడు

బాబోయ్, ఇంత వస్తుందనుకోలేదు. అందరికీ థ్యాంక్స్. తల్లి ఆపరేషన్ కాగితం మీద సంతకం, ఆ ఒక్క విషయం తెలిశాక ‘హౌల్’ వేరేలా చదవాలనిపిస్తోంది. ఒక్కటే మిగిలింది. వీళ్ల వల్ల ఇవాళ మిగిలిందేంటి, టీషర్టులు, పోస్టర్లు తప్ప?

పుస్తకాల పురుగు

టీషర్టులు ఇవాళ్టివి కావు సార్, వ్యాపారం మొదటి రోజు నుంచీ ఉంది. 1957 అక్టోబర్‌లో రష్యా స్పుత్నిక్ అనే ఉపగ్రహాన్ని ఎగరేసింది, 1958 ఏప్రిల్‌లో హెర్బ్ కేన్ అనే శాన్‌ఫ్రాన్సిస్కో కాలమిస్టు ‘బీట్’ వెనక ఆ ‘నిక్’ తగిలించి ‘బీట్‌నిక్’ అన్నాడు, వెక్కిరింపుగా. అంతే, టోపీ, గడ్డం, నల్ల స్వెట్టర్ వేషం ఒకటి తయారైపోయింది. 1993లో గ్యాప్ కంపెనీ కెరువాక్ ఫొటో పెట్టి ఖాకీ ప్యాంట్లు అమ్ముకుంది. 2001 వేలంలో ఆ 120 అడుగుల చుట్టని ఒక ఫుట్‌బాల్ టీమ్ యజమాని 24 లక్షల డాలర్ల పైచిలుకు పెట్టి కొన్నాడు. చేతిలో పైసా లేనివాడనే అర్థంతో మొదలైన మాట ఎక్కడ తేలిందో చూడండి.

కెరువాక్‌కి ఇదంతా గొంతులో ముల్లయింది. హిప్పీలు గురువుగారూ అని వెంటపడితే కసిరాడు, 1968లో టీవీ చర్చకి తాగి వచ్చి కూర్చున్నాడు, 1969లో తాగుడుతోనే పోయాడు, 47 ఏళ్లకి. కాసడీ అంతకు ముందు ఏడాదే మెక్సికోలో రైలు పట్టాల పక్కన పడి దొరికాడు. 1964లో నవలా రచయిత కెన్ కీసీ బృందం రంగులు పూసి దేశమంతా తిప్పిన బస్సుకి డ్రైవరు అతనే, అంటే బీట్‌ల కారులోంచి దిగి హిప్పీల బస్సెక్కింది అక్షరాలా ఒకే మనిషి.

మిగిలిందేంటంటే, నా లెక్కలో మూడు. బాబ్ డిలన్ పాటల్లో ఆ పొడుగు పొడుగు చరణాలు ఎక్కణ్ణుంచి వచ్చాయో ‘హౌల్’ చదివితే చెవికే తెలుస్తుంది. స్నైడర్ అడవుల గురించీ నేల గురించీ రాసిన కవితలకి 1975లో పులిట్జర్ వచ్చింది, పర్యావరణం అనే మాట ఫ్యాషన్ కాకముందు నుంచీ ఆయన అదే రాస్తున్నాడు, బీట్‌లలో నాకు ఇప్పటికీ పాతబడనివాడు ఆయనొక్కడే. మూడోది, కవిత్వాన్ని జనం మధ్యలో నిలబడి గట్టిగా చదవడం. అది అంతకుముందూ ఉంది, వీళ్లొచ్చాక అమెరికాలో మళ్లీ ఊపిరి పోసుకుంది.

వకీలు గారికొక చిన్న చేర్పు. 2007లో తీర్పుకి యాభై ఏళ్లయిన సందర్భంలో న్యూయార్క్‌లో ఒక రేడియో స్టేషన్ ‘హౌల్’ ప్రసారం చేద్దామనుకుని, ప్రభుత్వ సంస్థ జరిమానాలు వేస్తుందేమోనన్న భయంతో రేడియోలో మానేసి ఇంటర్నెట్‌లో పెట్టింది. పుస్తకంగా అమ్మొచ్చు, గాలిలో వినిపించడానికి మాత్రం టెన్షన్.

మీరు ‘ఆన్ ది రోడ్’ మళ్లీ ఇప్పుడే పట్టుకోకండి. గిన్స్‌బర్గ్ గొంతులోనే ‘హౌల్’ రికార్డింగ్ దొరుకుతుంది, ముందు అది వినండి. కాగితం మీద చూస్తే గొడవగా ఉంటుంది, వింటే ఒక్కో లైనూ ఒక్కో ఊపిరి.

నాలుగు ముక్కలు

అది టైపింగ్ కాదని ఒప్పుకోను గానీ, కుక్క నమిలిన ముక్క సంగతి నాకు నచ్చింది.

సగంలో ఆగినోడు

ఇప్పుడే పెట్టుకున్నాను. రెండో నిమిషంలో అమ్మ గదిలోకొచ్చి ఎవడ్రా అది, అలా ఏడుస్తున్నాడేంటి అని అడిగింది. ఇయర్‌ఫోన్స్ వెతుక్కుంటున్నాను.